గేదె కోసం పెట్టిన శోకం

మా ఆవిడ పోయి నలభై రోజులు దాటింది. విశాఖ ఆసుపత్రిలో, మిట్టమధ్యాహ్నం పోయింది. నేను కింద కేంటీన్‌లో ఇడ్లీ పొట్లం కట్టించుకుంటున్నాను. మా అమ్మ ఫోన్ చేసింది. "ఒరే, పైకి రా" అంది. ఆమె గొంతు అంత చిన్నగా నేనెప్పుడూ వినలేదు. పొట్లం పట్టుకునే నాలుగు అంతస్తులు ఎక్కాను. లిఫ్టు ఉందన్న సంగతి గుర్తు రాలేదు.

మర్నాడు పేపర్లో చిన్న వార్త వచ్చింది. మా ఆవిడ ఒకప్పుడు పాడిన ర్యాప్ గ్రూపు పేరే శీర్షికలో ఉంది. ఆమె ఆ గ్రూపు వదిలి ఆరేళ్ళయింది. ఆ ఆరేళ్ళలో చేసిన పని గురించి చివర ఒక వాక్యం ఉంది: "అనంతరం కొన్ని సొంత పాటలు రూపొందించారు." ఆ వాక్యంలో తప్పేమీ లేదు. కానీ ఆ ఆరేళ్ళూ మైకు పట్టుకున్నవాణ్ణి నేను. అందుకని రాస్తున్నాను.

నేను అనకాపల్లిలో ఒక జూనియర్ కాలేజీలో ఫిజిక్స్ చెబుతాను. వార్షికోత్సవానికి మైకుసెట్టు బాధ్యత ప్రతిసారీ నాకే అప్పజెప్పేవారు, ఫిజిక్స్ కదా అని. ఒక ఏడాది ఆ గ్రూపును పిలిచారు. ముగ్గురు అబ్బాయిలు, ఈమె. రెండో పాటలో మైకు కీచుమంది. ఆమె పాట ఆపి, స్టేజి మీంచి నన్ను చూసి, "మాస్టారూ, మీరైనా ఆపండి, దాన్నైనా ఆగమనండి" అంది. హాలంతా నవ్వింది. పెళ్ళయ్యాక కూడా నన్ను మాస్టారూ అనే పిలిచింది. కోపం వస్తే మాత్రం "సార్" అనేది.

అప్పటికే ఆ గ్రూపుకు మంచి పేరు. బీచ్ రోడ్డు మీద, తప్పిన సబ్జెక్టుల మీద, సిటీ బస్సు ఫుట్‌బోర్డు మీద వాళ్ళు చేసిన పాటలు కుర్రకారుకు నోటికి వచ్చు. పాట ఏదైనా ఆమె వంతు ఎనిమిది లైన్లు. జనం ఆ ఎనిమిది లైన్లకు ఈల వేసేవారు. తర్వాత ఆమె పక్కకు జరిగి చేతులు ఊపుతూ నిలబడాలి.

ఒకరోజు హైదరాబాద్ ప్రోగ్రాం నుంచి ఉదయం రైల్లో వచ్చింది. బ్యాగు గుమ్మంలోనే పెట్టింది.

"అయిపోయింది మాస్టారూ."

"ప్రోగ్రామా?"

"గ్రూపు."

గొడవ పడ్డారా అని అడిగాను. లేదంది. "నిన్న నా వంతు చెబుతున్నాను. నోరు చెబుతోంది. నేను ఏమో ఇంట్లో పప్పు డబ్బాలో ఎంత ఉందో ఆలోచిస్తున్నాను. జనం ఈలలు వేస్తూనే ఉన్నారు. అప్పుడు భయమేసింది."

వారం తర్వాత బండి మీద గ్రూపు పెద్ద వచ్చాడు. ఆమె అతన్ని అన్నా అనేది. ఆ వరసన నేను అతనికి బావను. మంచి మనిషి. చాలాసేపు బతిమాలాడు. "చెల్లెమ్మా, ఒక్కదానివే ఏం చేస్తావ్? మనకి నలుగురుంటేనే కదా ఊపు" అన్నాడు. ఆమె అతని ముందు బెల్లం పాకం ఉన్న గిన్నె పెట్టి, "ముందు తిను అన్నా. ఊపు గురించి తర్వాత" అంది. అతను తిన్నాడు. వెళ్ళేటప్పుడు నా చెవిలో, "బావా, కొంచెం చూసుకో. ఇది మొండిది" అన్నాడు. నాకు తెలుసన్నాను.

సొంత పాటలకు ఆమె ఏ సరుకు వాడిందో చెబితే నవ్వొస్తుంది. వాళ్ళ నాన్న పాయకరావుపేట దగ్గర ఒక చర్చిలో హార్మోనియం వాయించేవారు. చిన్నప్పుడు అక్కడ అసలు వరస కింద కలిపే రెండో గొంతు పాడటం నేర్చుకుంది. దాన్ని ర్యాప్ కింద పరిచింది. మా బెల్లం మార్కెట్లో పొద్దున్నే వేలం పాడేవాళ్ళ పక్కన నిలబడి వాళ్ళ కేకలు రికార్డు చేసింది. ఒకాయన, "ఏటమ్మా, కొంతావా కొనవా? కొనకపోతే అలా జరుగు" అని కసిరాడు. ఆ కసురు కూడా పాటలో ఉంది. తప్పెటగుళ్ళ దెబ్బ, చెరుకు గానుగ చప్పుడు, కుక్కరు కూత, అన్నీ ఒకదాని మీద ఒకటి. అన్నీ బాగా రాలేదు. రెండు పాటలు ఎవరూ వినలేదు. ఆ రెండూ నాకూ నచ్చలేదు. ఆ మాటే చెప్పాను. నాలుగు రోజులు సార్ అంది.

రాసేటప్పుడు లైన్లను వేళ్ళ కణుపుల మీద లెక్కపెట్టుకునేది. నా విద్యార్థుల పాత ఆన్సర్ షీట్ల వెనక రాసేది. గొంతుకు ప్రతిధ్వని పెంచమని నేనంటే ఒప్పుకునేది కాదు. "ఉప్పు తక్కువైతే వేసుకోవచ్చు మాస్టారూ. ఎక్కువైతే నీళ్ళు పొయ్యాలి. నీళ్ళు పోసిన పాట ఎవడు వింటాడు?"

ఇక మా అమ్మ గురించి చెప్పాలి. ఆమె లేకుండా ఈ కథ లేదు.

మాది తుమ్మపాల పక్క పల్లె. చెరుకు, వరి. చుట్టుపక్కల ఊళ్ళలో ఎవరు పోయినా మా అమ్మ వెళ్ళి శోకం పెడితేనే ఆ చావుకు నిండుదనం వచ్చినట్టు. చదువు లేదు. శవం పక్కన కూర్చుని, పోయిన మనిషిని పిలుస్తూ, తిడుతూ, బతికినన్నాళ్ళూ చేసినవన్నీ ఒక్కొక్కటే ఏకరువు పెడుతుంది. లైను చివర ఒకే మాట, ఊపిరి ఒకే చోట. రాసుకున్నది కాదు. అప్పటికప్పుడు.

పెళ్ళయిన కొత్తలో దేవరాపల్లి దగ్గర మా పెదనాన్న పోతే ముగ్గురం వెళ్ళాం. అమ్మ శోకం మొదలుపెట్టింది. ఆడవాళ్ళంతా ఏడుస్తున్నారు. మా ఆవిడ నా భుజం గీరి, "మీ అమ్మ ఎంత బాగా కడుతోంది మాస్టారూ! ఎక్కడా తడబడటం లేదు" అంది. చావింట్లో ఆ మాటేంటని కళ్ళెర్ర చేశాను. ఆమె పట్టించుకోలేదు. కణుపులు లెక్కపెడుతోంది.

గ్రూపు వదిలాక ఆ శోకం ఆమెను పట్టుకుంది. అమ్మను అడిగింది.

"అత్తయ్యా, నా పాటలో ఒక శోకం పెట్టండి."

"ఎవరు పోయేరే?"

"ఎవరూ పోలేదు. ఊరికే. పాట కోసం."

అమ్మ చేతిలో చాట కింద పెట్టింది. "సావు లేకుండా సోకం ఎడతారేటే? నోరు జారితే ఇంటిమీదకి పిలిసినట్టే. సరదాకి ఏడవకూడదు."

"పోనీ మా గ్రూపు మీద పెట్టండి. అది పోయింది."

"ఆ కుర్రోళ్ళు ముగ్గురూ దుక్కల్లా ఉన్నారు కదే! మొన్న బెల్లం తినీసి పోనాడు కాదేటి ఒకడు?"

రెండేళ్ళు ఇలాగే నడిచింది. అడగటం, తిట్టించుకోవటం. ఆ వానాకాలం మా గేదె పోయింది. పద్నాలుగేళ్ళు మా ఇంట్లో ఉన్న గేదె. అమ్మ మూడు రోజులు అన్నం సరిగ్గా తినలేదు. నాలుగో రోజు ఆమే వచ్చి కోడలితో, "దాని మీదయితే సెప్తాను. అది నిజంగా పోనాది కదా. ఇంట్లో కాదు, పాకలో సెప్తాను" అంది.

చెరుకు సీజను కాదు కనక బెల్లం వండే పాక ఖాళీగా ఉంది. పెనం బోర్లించి దాని మీద అమ్మ కూర్చుంది. నేను మైకు పట్టుకున్నాను. ఆమె మైకును చూడలేదు. బయట గుంజ వైపు చూస్తూ మొదలుపెట్టింది.

"గుంజకాడ తాడుందే, మెడ లేదే నా తల్లో
తవుడు నానబెట్టేనే, మూతి లేదే నా తల్లో..."

దాని కింద మా ఆవిడ ఏమీ కలపలేదు. అమ్మ ఆగిన చోట తాను అందుకుంది. అదే వరసలో, కాస్త వేగంగా. బోర్డుందే, బస్సు లేదే. బోరుందే, నీరు లేదే. చదువుందే, కొలువు లేదే. చివరకు స్టేజి ఉందే, నేను లేనే. ఎనిమిది లైన్లు కాదు. అరవైకి పైన. ఒక్కచోటా పప్పు డబ్బా గురించి ఆలోచించలేదని తర్వాత నాతో చెప్పింది.

గ్రూపు పెద్దకు ముందుగా వినిపించింది. "గేదె మీదా? చెల్లెమ్మా, జనం నవ్వుతారే" అన్నాడు.

"నవ్వనీ అన్నా. మొదటి నిమిషం నవ్వుతారు."

అలాగే అయింది. ముందు నవ్వుకోవటానికి ఒకరికొకరు పంపుకున్నారు. తర్వాత ఎవరూ నవ్వలేదు. టీ కొట్ల దగ్గర, ఆటోల్లో, లారీల్లో ఆ పాట వినపడేది. అమ్మ బజారుకు వెళ్తే, "గేదె పాటమ్మ వచ్చింది" అనేవారు. "నా పేరు మార్చీసింది నీ పెళ్ళాం" అని నాతో అనేది. ఆ అనటంలో గర్వం ఉండేది.

ఆరు నెలలు తిరక్కుండా మా ఆవిడ కడుపులో కణితి బయటపడింది.

తర్వాతి కాలం గురించి పెద్దగా రాయను. ఇలాంటివి చూసినవాళ్ళకు తెలుసు. బస్సు, టోకెను, క్యూ, మళ్ళీ బస్సు. మూడున్నరేళ్ళు. అలసిపోయాం. ఆమె మాకంటే అలసిపోయింది. ఒకసారి బస్సులో నా భుజం మీద తల పెట్టి, "మాస్టారూ, బాగా అలిసిపోతే అబద్ధం రాయలేం. అదొక్కటే లాభం" అంది. ఆ రోజుల్లో రాసినవి చిన్నచిన్నవి. రెండు లైన్లు, మూడు లైన్లు. రికార్డు చేసే ఓపిక ఇద్దరికీ లేదు.

ఆమె కోరిన ప్రకారం వాళ్ళ నాన్న పక్కనే సమాధి చేశాం. మా ఊరి నుంచి రెండు వ్యాన్ల జనం వచ్చారు. అందరూ మా అమ్మ వైపు చూస్తున్నారు. ఆమె పెట్టె పక్కన కూర్చుంది. కోడలి పాదాల దగ్గర చెయ్యి వేసింది. నోరు తెరవలేదు. పాస్టరుగారు ప్రార్థన ముగించారు. మట్టి వేశారు. అమ్మ నోరు తెరవలేదు.

వెనక్కి వస్తుంటే వ్యాన్లో ఒకావిడ, మా దూరపు బంధువే, అమ్మకు వినపడేలాగే అంది. "గేదికి ఏడిసింది. కోడలికి ఏడుపు రాలేదు."

నేను డ్రైవర్ని బండి ఆపమన్నాను. అమ్మ నా చెయ్యి పట్టుకుని, "పోనీరా" అంది.

పది రోజుల తర్వాత, నేను కాలేజీకి బయల్దేరుతుంటే, గుమ్మంలో అడ్డంగా నిలబడింది.

"ఆ గేదె పాట తీసీరా."

"ఎక్కణ్ణుంచి?"

"ఎక్కడెట్టేవో అక్కణ్ణించి."

"అమ్మా, అది తన పాట. తను చేసినవాటిలో..."

"గొంతు నాది."

తర్వాత చూద్దామని వెళ్ళిపోయాను. ఆమె మళ్ళీ అడగలేదు. కానీ అన్నం తినటం తగ్గించింది. వీధిలో ఎవరి ఫోన్లోనైనా ఆ పాట మొదలైతే లేచి పెరట్లోకి వెళ్ళిపోయేది. మూఢనమ్మకం అనుకున్నాను. ఫిజిక్స్ చెప్పేవాణ్ణి, నాలుగు మాటలు సర్దిచెప్పొచ్చనుకున్నాను.

ఒక ఆదివారం ఆ పాట అసలు రికార్డింగు తీశాను. పాకలో నేను మీట నొక్కినప్పటి నుంచి మళ్ళీ ఆపేదాకా నలభై నిమిషాలుంది. పాటకు వాడింది అందులో కొంచెమే. మిగతాది ఆ రోజు తర్వాత ఎవరూ వినలేదు. మొదట్లో నేను వైరు కోసం బయటికి వెళ్ళినట్టున్నాను, నా గొంతు లేదు. అమ్మ అడుగుతోంది.

"ఒసే, దీనివల్ల ఏటీ అవదు కదా?"

మా ఆవిడ నవ్వుతోంది. "ఏదైనా అయితే నాకే అవుతుంది లెండి. మీరు మొదలుపెట్టండి అత్తయ్యా."

"ఛీ, నోర్ముయ్యి" అని అమ్మ.

మళ్ళీ నవ్వు. తర్వాత నేను వచ్చిన చప్పుడు.

అక్కడ ఆపేశాను. నాలుగేళ్ళుగా ఆ మాట మా అమ్మ ఒక్కతే మోస్తోంది. కణితి బయటపడ్డ రోజు, బస్సుల్లో, క్యూల్లో, ఆ మధ్యాహ్నం నేను ఇడ్లీ కట్టించుకుంటున్నప్పుడు, ఆమెకు ఆ మాట వినపడుతూనే ఉండి ఉంటుంది. సమాధి దగ్గర నోరెందుకు తెరవలేదో అప్పుడు తెలిసింది. ఆ మాట నేను విన్నానని ఆమెకు చెప్పలేదు. ఆమె ఈ పత్రిక చదవలేదు కనక ఇక్కడ రాస్తున్నాను.

నెట్లోంచి పాట తీసేశాను. నిజంగా తీసేయాలా అని కంప్యూటరు ఒకసారి అడిగింది. అవునన్నాను. అంత పెద్ద పనికి అంత చిన్న ప్రశ్న.

"తీసీసేవా?" అంది అమ్మ.

"తీసేశాను."

ఆ పూట కాస్త తింది. నేను సరిగ్గా తినలేదు. మా ఆవిడ ఉన్న గ్రూపు వదిలి, ఉన్న పేరు వదిలి దేనికోసం వచ్చిందో దాన్నే తీసేశాను. బతికున్న మనిషి కోసం చేశానని చెప్పుకున్నాను. ఆ మాట నిజమే. దాంతో తేలికేమీ కాలేదు.

గ్రూపు పెద్ద ఫోన్ చేశాడు. "బావా, పాట కనపడట్లేదేంటి?" కారణం చెప్పాను, పాకలో మాట తప్ప. "సరే బావా. అమ్మ ముఖ్యం" అన్నాడు.

ఇప్పుడు ఆ పాట మళ్ళీ పాత చోటే ఉంది. ఎలా వెళ్ళిందో చెప్పి ముగిస్తాను.

పోయిన గురువారం అమ్మ కళ్ళకు అద్దాలు మార్పించాలని తుమ్మపాల దగ్గర షేర్ ఆటో ఎక్కాం. అమ్మ, నేను, కూరల గంపతో ఒకావిడ, ఒక ముసలాయన. డ్రైవరుకు నా వయసే ఉంటుంది. కొంత దూరం పోయాక పాట మార్చాడు. మొదటి మాటకే గుర్తుపట్టాను. గుంజకాడ తాడుందే.

"బాబూ, అది ఆపుతావా" అన్నాను.

"ఏం మాస్టారూ, నచ్చదా? ఇది ఇప్పుడు నెట్లో దొరకట్లేదండీ. నా కార్డులో ఉంది కాబట్టి సరిపోయింది. ఈ ముసలమ్మ ఎవరో గానీ, గేదె మీద ఏడిసి మా ఆవిడ్ని ఏడిపించీసింది."

కూరలావిడ, "మా ఇంట్లోనూ అంతే. ఎంత మనసుంటే అలా ఏడుత్తారు?" అంది.

అమ్మ వైపు చూడలేకపోయాను. రోడ్డు చూస్తూ కూర్చున్నాను. అమ్మ గొంతు లైను తర్వాత లైను వెళ్తోంది. ఆగే చోటు వచ్చింది. ఊపిరి తీసుకున్న చప్పుడు. మా ఆవిడ అందుకుంది.

నలభై రోజుల తర్వాత అమ్మ వింటున్న ఆ గొంతు.

అమ్మ ముందుకు వంగి డ్రైవరు భుజం తట్టింది.

"ముసల్దాని సంగతి ఒగ్గీ బాబూ. ఇప్పుడొచ్చింది మా కోడలు. కుసింత పెద్దది సెయ్యి."

డ్రైవరు అద్దంలోంచి వెనక్కి చూశాడు. ఏమనుకున్నాడో, పెద్దది చేశాడు. బోర్డుందే, బస్సు లేదే. ముసలాయన బీడీ వెలిగించబోయి ఆగాడు. కూరలావిడ అమ్మ మోకాలి మీద చెయ్యి వేసింది. అమ్మ పెదాలు కదులుతున్నాయి. ఏమంటోందో ఇంజను చప్పుడులో నాకు వినపడలేదు. వంగి వినటానికి ప్రయత్నించలేదు.

స్టాండు వచ్చింది. డ్రైవరు ఇంజను ఆపాడు. పాట నడుస్తోంది. నేను చిల్లర తీస్తూ దిగబోయాను. అమ్మ నా చొక్కా పట్టుకుని లాగింది.

"కూకోరా. పిల్ల ఇంకా సెప్తంది."

కూర్చున్నాను. ఎవరూ దిగలేదు. వెనకాల మరో రెండు ఆటోలు వచ్చి ఆగాయి, హారన్ కొట్టాయి. ఎండ నేరుగా మా ఒళ్ళో పడుతోంది. కదలని ఆటోలో మేం ఐదుగురం అలాగే కూర్చుని ఉన్నాం.